రావలసినవాడు

పన్నెండో దిష్‌దాషా కాలరు మొండికేసింది. గంజి ఎక్కువైతే కాలరు అలాగే చేస్తుంది, పెళ్ళింట్లో అలిగిన అల్లుడిలా బిగుసుకుపోతుంది. పెంచల్ దాని మీద రెండుసార్లు నీళ్ళు చిమ్మి, ఇస్త్రీపెట్టె మొనను కుట్టు వెంబడి మెల్లగా నడిపించాడు. ఆవిరి భుస్సుమని లేచి ముఖానికి తగిలింది. శుక్రవారం, ఉదయం ఏడు కావస్తోంది. మధ్యాహ్నం నమాజుకు కువైట్లోని ఫర్వానియాలో ఆ వీధి సగం, ఈ పొడుగాటి తెల్ల అంగీల్లో, పెంచల్ వేసిన మడతలే తొడుక్కుని వెళుతుంది. ఆ సంగతి ఎవరికీ పట్టదు. పెంచల్‌కీ పెద్దగా పట్టదు.

పందొమ్మిదేళ్ళుగా అదే బల్ల. తోసి తోసి కుడిభుజం ఎడమదానికన్నా రెండు వేళ్ళు కిందికి దిగింది. పిక్కల మీద నరాలు ముడులు పడి నీలంగా ఉబ్బాయి. ఎడమ ముంజేతి మీద కాలిన మచ్చలు, కొత్తవి ఎర్రగా, పాతవి బూడిదరంగులో. బొటనవేలి కొస ఎంత నున్నగా అరిగిందంటే, నివాస అనుమతి ఇచ్చే ఇఖామా ఆఫీసులో వేలిముద్రల యంత్రం అతన్ని మనిషిగా ఒప్పుకోవడానికి మూడుసార్లు ఆలోచిస్తుంది. వయసు నలభై తొమ్మిది. చూసినవాళ్ళు ఇంకో పదేళ్ళు కలిపి చెబుతారు.

పక్క బల్ల మీద ఇవాళ పెట్టె వేడెక్కలేదు. ఆ బల్ల తాలూకు ఉదయ్‌కుమార్ స్టూలు మీద కూర్చుని తలగుడ్డలు మడతపెడుతున్నాడు. కోనసీమ మనిషి, పెంచల్ కంటే నాలుగేళ్ళు చిన్న. గుండె సగమే పనిచేస్తోందని, నిలబడే పని మానేయమని డాక్టరు చెప్పి నెలయింది. ఇఖామా రద్దయింది. సాయంత్రం ఏడూ నలభైకి విమానం. దుకాణానికి రావద్దన్నా వచ్చాడు, గదిలో ఏం చెయ్యమంటావని.

"పదింటికి మనం అక్కడుండాలన్నా," అన్నాడు ఉదయ్ తలెత్తకుండా.

"ఉందాంలే."

పెంచల్ ఏ ప్రార్థనకూ వెళ్ళే మనిషి కాదు. ఇవాళ వెళుతున్నది ఉదయ్ కోసం. సిటీలోని చర్చి ఆవరణలో తెలుగువాళ్ళంతా శుక్రవారం శుక్రవారం కలుస్తారు, ఇవాళ ఉదయ్‌కి వీడ్కోలు ప్రార్థన. పోయిన వారమే ఉదయ్ ఒక మాట అడిగాడు. "యేసే రావలసినవాడని, ఆయన వచ్చేశాడని ఒక్కసారి ఒప్పుకో అన్నా. నాకది చాలు." పెంచల్ అప్పుడు చొక్కా చేతిని తిప్పి ఇంకోసారి ఇస్త్రీ చేశాడు. జవాబు ఇంకా బాకీ ఉంది.

పెంచల్ యూదుడు. గుంటూరు జిల్లాలో ఒక చిన్న పేట, నలభై ఇళ్ళు, ఇశ్రాయేలు నుంచి చెదిరిపోయిన గోత్రాల్లో ఒకదాని పిల్లలమని నమ్మే జనం. గుడి లేదు, సిలువ లేదు, ఒక పెంకుటింట్లో శనివారం ప్రార్థన. ఇంట్లో పెట్టిన పేరు హిజ్కియా. బళ్ళో వేసినరోజు నెల్లూరి పంతులొకాయన ఈ పేరు పలికేలోపు గంట కొట్టేస్తారని విసుక్కుని, తన ఇలవేల్పును తలుచుకుని పెంచలయ్య అని రాసేశాడు. పాస్‌పోర్టులోకీ అదే ఎక్కింది.

యూదుడని తెలిస్తే చిక్కులు తప్పని కువైట్లో ఆ పేరు అతనికి గొడుగులా పనికొచ్చింది. శుక్రవారం అందరూ సెలవడిగితే తను పనిచేస్తానని, బదులుగా శనివారం ఇమ్మని అడిగాడు. మేనేజరు రామ్మోహన్‌ది విజయవాడ. పేరేమో పెంచలయ్య, శనివారం పని ముట్టుకోడు, పొయ్యి వెలిగించడు, కాబట్టి వెంకన్న భక్తుడని ఆయనే తేల్చేశాడు. సెలవుకి ఇంటికెళ్ళొచ్చినప్పుడల్లా తిరుపతి లడ్డు తెచ్చి, "నీ నిష్ఠ నాకు లేదయ్యా" అని చేతిలో పెట్టేవాడు. పెంచల్ కాదనలేకపోయాడు. ఆయన మనసు నొప్పించడం కంటే లడ్డును డ్రైవరు హుస్సేన్ పీరాకి ఇవ్వడం తేలిక. రాయచోటి హుస్సేన్ పీరా ఏ దేవుడి తీపినీ తప్పుపట్టే రకం కాదు.

నిజం తెలిసింది తనతో ఒకే గదిలో ఉంటున్న ఇద్దరికే. హుస్సేన్ పీరా విని, "మాకేంన్నా, నీ శనివారం నీది," అని ఊరుకున్నాడు. ఆ రోజు నుంచీ శుక్రవారం రాత్రి గదిలో లైటు ఆర్పే పని, అడగకుండానే, తన మీద వేసుకున్నాడు. ఉదయ్ మాత్రం ఊరుకోలేదు. ఇస్త్రీబల్లల మధ్య పందొమ్మిదేళ్ళు వాదన నడిచింది. ఆవిరి లేచినప్పుడు ఆగేది, దిగాక మొదలయ్యేది.

"రావలసిన రాజు మనిషే," అనేవాడు పెంచల్. "దావీదు వంశంలో అమ్మానాన్నలకు పుట్టిన మనిషి. దేవుడు ఒక్కడే, ఆయన మనిషవడు. రాజొచ్చాడనడానికి గుర్తేంటో మా తాత చెప్పాడు. కత్తులు నాగళ్ళవ్వాలి. చెదిరినోళ్ళంతా ఇల్లు చేరాలి. చచ్చిపోయినోళ్ళు లేవాలి. వీటిలో ఒక్కటీ కాకుండా వచ్చాడని ఎట్లా అంటాం?"

"అవన్నీ రెండోసారి వచ్చినప్పుడు చేస్తాడన్నా."

"మా దాంట్లో రెండోసారి లేదు. వస్తే పని పూర్తి చేసే పోతాడు."

"మొదటిసారి మన పాపాలు మొయ్యడానికొచ్చాడు."

"ఒకడి మకిలి ఇంకొకడు ఉతికేది మన దుకాణంలోనే ఉదయ్. అక్కడ ఎవడిది వాడే ఉతుక్కోవాలి."

ఒకరోజు వ్యాను తాళాలు తిప్పుకుంటూ హుస్సేన్ పీరా కల్పించుకున్నాడు. ఈసాను సిలువే వెయ్యలేదనీ, ఆకాశంలో ఉన్నాడనీ, చివరికి ఆయనే దిగివస్తాడనీ తమ మాట చెప్పాడు. "ముగ్గురం ఎదురుచూసేది ఒగ ఫ్లైటుకేన్నా. ఎవురి టికెట్లో ఏం టైము రాసుంటే అదే కరెక్టంటాం. యల్లా, బట్టలు ఎక్కీండి," అన్నాడు. ముగ్గురూ నవ్వుకున్నారు. నవ్వినా ఎవరి టికెట్టూ మారలేదు.

ప్రార్థన గదిలో అరవైమంది దాకా ఉన్నారు. డోలక్ కొట్టారు, పాటలు పాడారు, ఆడవాళ్ళు ఉదయ్ కోసం కన్నీళ్ళు పెట్టుకున్నారు. వెనక వరసలో గోడకి ఆనుకుని కూర్చున్న పెంచల్‌కి అది బాగానే అనిపించింది. తన మిత్రుణ్ణి ఇంతమంది ప్రేమిస్తున్నారని సంతోషించాడు. ఇంతలో పాస్టరుగారు చేతులు చాచి, ఇశ్రాయేలు గోత్రపు బిడ్డ ఒకరు ఇవాళ మన మధ్య ఉన్నారని చెప్పారు.

అరవై తలలూ వెనక్కి తిరిగాయి. ఉదయ్ తల మాత్రం తిరగలేదు. పందొమ్మిదేళ్ళు దాచుకున్న సంగతిని ఉదయ్ మోసుకొచ్చి ఇక్కడ పెట్టాడని పెంచల్‌కి అర్థమైంది. కోపం కంటే ముందు సిగ్గు వేసింది, నడివీధిలో చొక్కా లాగేసినట్టు.

"ఒక్క మాట చెప్పండి అన్నయ్యగారూ," అన్నారు పాస్టరుగారు మర్యాదగానే. "మీరు ఎదురుచూసే మెస్సయ్య యేసేనని. మా తమ్ముడు ఆ మాట విని సంతోషంగా వెళతాడు."

పెంచల్ లేచి నిలబడ్డాడు. ఇస్త్రీపెట్టె లేకపోతే ఆ చేతుల్ని ఎక్కడ పెట్టుకోవాలో అతనికి తెలియదు. ఉదయ్ మెడ వెనక ఎముక కనిపిస్తోంది, ఈ నెలలోనే అంత చిక్కిపోయాడు. ఒక్క మాట. అనేస్తే ఎవరికి నష్టం? రామ్మోహన్ లడ్డు పుచ్చుకున్న చేతులే కదా ఇవి. అయితే లడ్డు ఇచ్చినాయన ఏ మాటా అడగలేదు. నోటితో అనడం వేరు. తాత తొంభై ఏళ్ళు ఎదురుచూసి, రాలేదని విసుక్కోకుండా పోయాడు. ఆ ఎదురుచూపు తనకిచ్చి పోయాడు. దాన్ని మిత్రుడికి కానుకగా ఇవ్వడానికి అది తనొక్కడిది కాదు.

"ఉదయ్ క్షేమంగా ఇల్లు చేరాలని ప్రార్థన చెయ్యండి. నేనూ చేస్తాను," అని చెప్పి కూర్చున్నాడు.  తరువాత ముందు వరసలోంచి ఎవరో ముసలావిడ ఆమెన్ అంది.

గదికి తిరిగి వచ్చాక, రోజూ ఇద్దరూ ఒక్క కంచంలో పెరుగన్నం తినే అలవాటు ఇవాళ తప్పింది. ఎవరి పళ్ళెం వాళ్ళది. పెంచల్ రేపటికి కూడా సరిపడా అన్నం, పప్పు వండి మూతలు పెట్టాడు. ఉదయ్ పెట్టెకి తాడు కడుతుంటే వేలు పెట్టి ముడి పట్టుకున్నాడు. ముడి బిగిసింది. జుమ్మా నుంచి వచ్చిన హుస్సేన్ పీరా ఇద్దరి ముఖాలూ చూసి రేడియో పెట్టలేదు. నాలుగింటికి విమానాశ్రయం ముందు దించి, ఉదయ్‌ని గట్టిగా కావలించుకుని, "సలామత్‌గా పో సామీ. వచ్చే నెల నేనూ వస్తాండా, ఫోన్ చేస్తా," అని బట్టలు ఇవ్వడానికి సాల్మియా వైపు వెళ్ళిపోయాడు.

తూకం దగ్గర లైను కదలడానికి గంట పట్టింది. ఉదయ్ సామాను ఐదు కిలోలు ఎక్కువ తూగింది. పెట్టె విప్పక తప్పలేదు. సబ్బులు, టైగర్ బామ్, పాలపొడి ఒక్కొక్కటీ తీసి చూసి మళ్ళీ పెట్టాడు. చివరికి అడుగున ఉన్న దుప్పటి లాగాడు. ఎర్రటి మందపాటి దుప్పటి, రెండు నెమళ్ళ బొమ్మ. కూతురు నిత్య పురిటికి ఇంటికొచ్చి ఉందనీ, బిడ్డకి చలి తగలకూడదని కొన్నాననీ చెప్పాడు. ప్రార్థన అయ్యాక అతను పెంచల్‌తో అన్న మొదటి మాట అదే.

"నా దగ్గరుంచు. హుస్సేన్ పీరా తీసుకొస్తాడులే," అన్నాడు పెంచల్.

సామాను వెళ్ళిపోయింది. అద్దాల అవతల పొద్దు కుంగింది. ఎక్కడో మగ్రిబ్ అజాన్ మొదలైంది. ఉదయ్ గడియారం చూసుకుని ఉలిక్కిపడ్డాడు.

"నీ శనివారం వచ్చేసిందన్నా. ఇప్పుడు బండెక్కవు కదా. ఎలా వెళతావు?"

"నడిచెళ్తా. గంటన్నర."

"నా కోసం ఉండిపోయావు."

"మరెవరి కోసం ఉంటా?"

ఉదయ్ కుర్చీలో కూలబడ్డాడు. గుండె మీద చెయ్యి పెట్టుకుని శ్వాస కుదుటపడేదాకా ఆగాడు. "పొద్దున అలా చేసుండకూడదు నేను. తప్పయిపోయింది. నాకు వాదన నెగ్గాలని కాదన్నా. భయమేసింది. నేను ముందు పోతాను, ఆ డాక్టరు ముఖం చూస్తేనే తెలిసింది. పోయాక అక్కడ పక్కకి తిరిగి చూస్తే నువ్వుండవు. పందొమ్మిదేళ్ళు పక్కకి తిరిగితే నువ్వే కదా. ఒక్కణ్ణే ఉండాలంటే భయంగా ఉంది."

 ఇన్నేళ్ళూ ఇతను తనని గెలవాలని చూస్తున్నాడనుకున్నాడు పెంచల్, తోడు రమ్మంటున్నాడని తెలుసుకోలేకపోయాడు. పక్కన కూర్చుని అతని మణికట్టు పట్టుకున్నాడు.

"వచ్చాడని నేను అనలేను ఉదయ్. నీ కోసం కూడా అనలేను. కానీ ఒకటి విను. ఇన్నాళ్ళూ వాదించుకున్నామే గాని ఇది నీకెప్పుడూ చెప్పలేదు. రాజు వచ్చిన రోజున లేచేది మా పేటోళ్ళే కాదు. ఏ జాతి మనిషైనా సరే, న్యాయంగా బతికినోడికి అందులో వాటా ఉందన్నాడు తాత. మాలో కలవక్కర్లా. మా మాట ఒప్పుకోనక్కర్లా. నువ్వు ఉదయ్‌కుమార్‌గానే లేస్తావు."

"నన్నేమీ మార్చుకోమనరా?"

"అనరు."

ఉదయ్ నేలకేసి చూశాడు. పెదాలు లోలోపల ఏదో కూడుకుంటున్నట్టు కదిలాయి. "అంటే నా లెక్కలో నువ్వు రావు. నీ లెక్కలో ఇద్దరం ఉంటాం."

"అంతే."

"మరి నేను ఏ లెక్క నిజమవ్వాలని ప్రార్థన చేసుకోవాలన్నా?"

పెంచల్ అతని మణికట్టు వదల్లేదు. ఉదయ్‌కే నవ్వొచ్చింది, నవ్వుతూ కళ్ళు తుడుచుకున్నాడు. "పాస్టరుగారితో అనకేం," అన్నాడు. లేచి, పాస్‌పోర్టు సరిచూసుకుని, లోపలికి వెళ్ళే లైనులో నిలబడ్డాడు. మలుపు దగ్గర ఒకసారి పక్కకి తిరిగి చూశాడు. పెంచల్ అక్కడే ఉన్నాడు.

విశ్రాంతి దినాన బరువు మొయ్యకూడదు. కప్పుకోకూడదని మాత్రం ఎవరూ చెప్పలేదు. పెంచల్ దుప్పటి విప్పి భుజాల మీదుగా కప్పుకుని బయటికి నడిచాడు. జేబులో గుర్తింపు కార్డు, బతాకా ఉంది, అది లేకుండా కువైట్లో నాలుగడుగులు వెయ్యలేం గనుక ఆ కార్డు బరువు దేవుడే క్షమించాలి. డిసెంబరు గాలి ఎడారి మీంచి చల్లగా వీస్తోంది. కార్లలోవాళ్ళు నెమళ్ళ దుప్పటి కప్పుకుని నడుస్తున్న మనిషిని వింతగా చూసి పోతున్నారు. పిక్కలు లాగుతున్నా అతనికి మనసు తేలిగ్గా ఉంది. తనవాళ్ళ ప్రార్థనలో గుర్తున్న నాలుగు ముక్కలు పైకే చదువుకున్నాడు. ఉదయ్ నేర్పిన పాట ఒకటి కూడా నోటికొచ్చింది, దాన్నీ ఆపలేదు. విమానాలు ఒకటి తరువాత ఒకటి నెత్తి మీదుగా లేచి వెళ్ళాయి. ఏది అతనిదో తెలియక అన్నిటికీ తలెత్తి చూశాడు.

గదిలో లైటు వేసే ఉంది, బయల్దేరేముందు హుస్సేన్ పీరా చేసిన పనే. ఉదయ్ మంచం మీద పక్కబట్టలు లేవు, చారల పరుపు ఒక్కటే ఉంది. పెంచల్ భుజాల మీది దుప్పటి తీసి దాని మీద పరిచి, అలవాటు కొద్దీ అరచేత్తో ముడతలు నిమిరాడు. ఎర్ర దుప్పటి, ఎదురెదురుగా రెండు నెమళ్ళు, అంచుకి కుట్టిన తెల్ల చీటీ మీద ఉదయ్ దస్తూరీలో నిత్య పేరు, ఆ పక్కన ఇంకా పేరు పెట్టని బిడ్డ కోసం వదిలిన కొంచెం ఖాళీ.