ప్రిస్కిల్లా మొదటి క్యాసెట్టు

ప్రిస్కిల్లా ఎవరికీ అబద్ధం చెప్పలేదు. నిజం చెప్పకుండా ఊరుకుంది, అంతే. ఆ ఊరుకోవడమే ఆమెను ఈ ఆదివారం ధవళేశ్వరం చర్చిలో, నూట యాభై మంది ఎదుట తెచ్చి కూర్చోబెట్టింది.

వేసవి సెలవుల్లో హైదరాబాదు వెళ్ళి, ఓ కంపెనీ వాళ్ళ స్టూడియోలో ఎనిమిది పాటలు పాడి వచ్చిందామె. సోలో ఆల్బమ్ అని ఇంట్లో చెప్పింది. ఇరిగేషన్ ఆఫీసు గుమాస్తా, చర్చి క్వయరుకు పెద్ద అయిన తండ్రి యెహెజ్కేలుకు ఆ మాట చాలిపోయింది. వాళ్ళ పేటలో గొంతున్న పిల్ల క్యాసెట్టు చేసిందంటే అవి దేవుడి పాటలే. ఇంకోరకం ఉంటుందని ఎవరికీ తోచదు. ఆరాధన అయ్యాక ప్రార్థన చేసి క్యాసెట్టు విడుదల చెయ్యాలని చర్చి పాస్టరు అయ్యగారిని అడిగి, కార్డులు కూడా పంచేశాడు.

ఆ ఎనిమిదింటిలో దేవుడు ఎక్కడా లేడు. వాన ఉంది, బస్టాండులో ఎదురుచూపు ఉంది, ఒకమ్మాయి బెంగ ఉంది. పుట్టి బుద్ధెరిగాక ప్రిస్కిల్లా మొదటిసారి తన కోసం పాడుకున్న పాటలవి. వాటిని నాన్న వినాలి, విని ఒక్క మంచిమాట అనాలి. ఆమెకు కావలసింది అదొక్కటే. చెబుదామని నోరు తెరిచిన ప్రతిసారీ ఆయన ఎవరితోనో మా అమ్మాయి దేవుడి రుణం తీర్చుకుంటోందండీ అంటూ ఉండేవాడు. ఆమె పని కుడితిలో పడ్డ ఎలుకలా అయింది. చివరికి, పాటే చెబుతుందిలే అని మొండికెత్తి ఊరుకుంది.

గురువారం మొదటి కాపీ పార్శిల్లో వచ్చేసరికి ఆమె పిల్లలకు పాఠాలు చెప్పుకుంటూ బడిలో ఉంది. విప్పింది ఆయనే. ఆదివారం దాకా ఎవరూ ముట్టుకోకూడదని బీరువాలో పెట్టి తాళం వేశాడు.

ఆదివారం ఆరాధన అయ్యాక అయ్యగారు అట్టమీద పేరు పైకి చదివారు. 'కిటికీ తెరిస్తే'. నోవహు ఓడ కిటికీ తెరిచి పావురాన్ని వదలడం ఆయనకు ఠక్కున గుర్తొచ్చింది. పది నిమిషాలు దానిమీదే మాట్లాడారు. పావురం సంగతేమో గానీ, ఓడలో ఊపిరాడనిది మాత్రం ప్రిస్కిల్లాకే.

ప్రార్థన ముగించి, క్యాసెట్టు నువ్వే పెట్టమ్మా అని ఆమె చేతికిచ్చారు. టేప్‌రికార్డర్లో పెట్టబోతూ ఆమె ఆగిపోయింది. క్యాసెట్టు వెనక అంచున తెల్లటి ప్లాస్టరు ముక్క అంటించి ఉంది.

ఆ ముక్క అర్థం ఆమెకు చిన్నప్పుడే తెలుసు. కంపెనీ క్యాసెట్టుమీద మళ్ళీ రికార్డు చెయ్యకుండా ఆ అంచున చిన్న గుంట వదిలేస్తారు. గుంట మీద ప్లాస్టరు అంటిస్తే పాతది చెరిగి కొత్తది రికార్డు అవుతుంది. పాత సినిమా క్యాసెట్లన్నీ యెహెజ్కేలు అలాగే క్వయరు ప్రాక్టీసుకు వాడేశాడు. వచ్చే వారం ఈ ఆల్బమ్ రాజమండ్రి షాపుల్లోకి ఎలాగూ వస్తుంది. కానీ ఈ జనం ఆ షాపుల మెట్లెక్కరు.

ఆమె తండ్రి వైపు చూసింది. ఆయన మైకు పట్టుకుని హార్మోనియం వైపు చూస్తున్నాడు.

బటన్ నొక్కితే కిందటి క్రిస్మస్‌కు ఆమె పాడిన కీర్తనలు వరసగా వచ్చాయి. స్టూడియోలో కూడా అచ్చం మన హార్మోనియంలాగే వాయించారే అని వెనక ఎవరో మురిసిపోయారు. ప్రిస్కిల్లాకు అరవాలనిపించింది, ఏడవాలనిపించింది. అందరూ తననే చూస్తున్నారు కనుక నవ్వుతూ నిలబడింది. బయటికి పోవాలంటే ఇంతమంది మధ్యనుంచే పోవాలి.

మూడో కీర్తన అయ్యాక టక్కుమని చప్పుడైంది. ఆయన కీర్తనలు క్యాసెట్టుకు సరిపోలేదు. ఒక్కసారిగా గిటారు మోగింది. ఆ వెనకే ఆమె గొంతు, ఆ చర్చిలో ఎన్నడూ విననంత విడిగా:

'...వానే వచ్చింది, నువ్వు రాలేదు...'

యెహెజ్కేలు గబుక్కున ఆపేశాడు.

ముందు వరసలోంచి సూరమ్మ మామ్మ, "ఆ ఆఖరి పాట ఎవరిదే పాపా? ప్రాణం లాగేసింది" అంది.

ప్లాస్టరు అంటించగలడు గానీ, నోటితో అబద్ధమాడటం యెహెజ్కేలుకు చేతకాదు. మైకు కూతురికిచ్చాడు. నాదే అంటే చాలు, అయ్యగారి ముందు, తాను పాట నేర్పిన పిల్లల ముందు ఆయన దొంగై నిలబడతాడు.

"ఎవరిదో మామ్మా," అంది ప్రిస్కిల్లా. "పాత టేపు. చెరపడం మరిచిపోయినట్టున్నారు."

ఆమె నోటితో చెప్పిన మొదటి అబద్ధం అదే. అందరూ నవ్వి ఆమెన్ అన్నారు.

మైకు వెనక్కి తీసుకుంటూ యెహెజ్కేలు ఆమె వైపు వంగాడు.

"చెరిపేముందు రెండుసార్లు విన్నానమ్మా. చాలా బాగా పాడావు."

ఇన్నాళ్ళూ ఆమె కాచుకున్న మాట అదే. అంటున్నంతసేపూ ఆయన మైకును అరచేత్తో మూసే ఉంచాడు.