ఆరో వంతు తగ్గింపు

ఆసుపత్రి నేలమాళిగలో పాత రిజిస్టర్లు తిరగేస్తూ చరిత్రకారిణి మూడు నెలలు గడిపింది. పలకరించే దిక్కు లేదు. పొద్దున్నే తాళం తీసే గుమాస్తా మాత్రం, "ఇంకా తేలలేదా మేడమ్, మీ చచ్చిపోయినోళ్ళ సంగతి?" అని నవ్వేవాడు. ఆ ఒక్క మాట కోసమే ఆమె కాస్త ముందుగా వచ్చేది. ఒంటరితనం మనిషిని అంత లోకువ చేస్తుంది.

ఆ రోజు చేతికొచ్చింది తాతల కాలంనాటి రాతి క్వారీ కూలీల ఊపిరి పరీక్షల పుస్తకం. ఒకే క్వారీ, ఒకే దుమ్ము. తెల్లవాళ్ళు గొట్టంలోకి ఇంత గాలి ఊదాలని ఒక అంకె. నల్లవాళ్ళకు అందులో ఆరో వంతు తగ్గించిన అంకె. వాళ్ళ ఊపిరితిత్తులు పుట్టుకతోనే చిన్నవట! ఏ మహానుభావుడు కోసి చూశాడో ఎక్కడా రాయలేదు. అంతే, తెల్లవాడైతే 'రోగి, పని మాన్పించాలి' అని రాసిన ఊపిరికే నల్లవాడు 'ఆరోగ్యవంతుడు' అయి కూర్చున్నాడు.

ఆమెకు ఒళ్ళు మండింది. ఆమెదీ ఆ నల్లజాతే. అయినా, తన పుస్తకానికి మంచి అధ్యాయం దొరికిందని లోలోపల సంబరపడింది కూడా. ఆ సంబరంలోనే అన్నయ్య గుర్తొచ్చాడు.

అన్నయ్యదీ క్వారీ పనే. కిందటేడు ఆయాసంగా ఉందని పరీక్ష చేయించుకుని, రిపోర్టు ఫోటో పంపాడు. ఇంట్లో చదువుకున్నది ఆమె ఒక్కతే. "అంతా బాగానే ఉందన్నయ్యా" అని చెప్పి తన పనిలో పడిపోయింది. ఇప్పుడు ఆ ఫోటో వెతికి పెద్దది చేసి చూసింది. అంకె కింద చీమతలకాయంత అక్షరాలు: 'జాతిని బట్టి సవరించినది.' ఆ సవరణ తీసేసి లెక్కేస్తే అది రోగి అంకే.

వెంటనే ఫోన్ చేసింది. అన్నకది భోజనాల వేళ, క్వారీలోనే ఉన్నాడు.

"ఏంటమ్మా... ఈ వేళప్పుడు... బాగున్నావా?" ఆగి ఆగి అడిగాడు.

"పని ఆపేసి ఇంటికెళ్ళిపో అన్నయ్యా. ఆ రిపోర్టు తప్పు. మనవాళ్ళకి కొలత తగ్గించి చూస్తున్నారు. నీకు నిజంగానే జబ్బు ఉంది. నేనే సరిగ్గా చదవలేదు. రేపొస్తాను, వేరే డాక్టరు దగ్గరికెళ్దాం."

అవతల చాలాసేపు ఊపిరి చప్పుడే. తిడతాడనుకుంది. తిడితే బాగుండుననీ అనుకుంది.

"జబ్బేనా?" అన్నాడు. గొంతు తేలికపడింది. "నువ్వు బాగుందన్నావుగా... సోమరితనం అనుకున్నానమ్మా. మీ వదిన కూడా అదే అంటే... నోరు మూసుకుని పడ్డాను. ఒళ్ళు వంగుతుందని... ఏడాదిగా రెండు షిఫ్టులు చేస్తున్నా."

ఆమె ఎదుటి రిజిస్టరు మూసేసింది.

"వదినకు కూడా ఈ మాట నువ్వే చెప్పు," అన్నాడు అన్నయ్య. "నువ్వు చెబితే నమ్ముతుంది."