అడుగుబండ మీద గీతలు

నెలలో రెండో శనివారం, నాలుగో శనివారం వెంకటరామారావు మాస్టారు ఖమ్మం బస్టాండులో ఆరు గంటల భద్రాచలం బస్సు ఎక్కుతారు. ఒళ్లో గుడ్డసంచి. అందులో భూతద్దం, కొలత టేపు, పెన్సిలు, గళ్ల నోటుపుస్తకం, రాఘవమ్మ కట్టిచ్చిన పులిహోర. రాఘవమ్మ ఆయన భార్య. "రిటైరై ఎనిమిదేళ్లయింది, ఇంకా ఆ కోతుల గొడవ వదల్లేదు మీకు" అంటూనే కట్టిస్తుంది. ఎంత విసుక్కున్నా ఇంగువ మాత్రం తక్కువ కానివ్వదు.

కాలేజీలో ముప్పై నాలుగేళ్లు జంతుశాస్త్రం చెప్పారాయన. మనిషి పుట్టుక పాఠం వచ్చిందంటే ల్యాబు అటెండరు ముసలయ్య ప్లాస్టరు పుర్రెను పళ్లెంలో పెట్టుకుని, పెళ్లికి తాంబూలం తెచ్చినంత మర్యాదగా తెచ్చేవాడు. దాని కింది దవడ ఊడిపోతే సైకిలు ట్యూబు ముక్కతో కట్టిందీ అతనే. ఆ పుర్రెను ముందు పెట్టుకుని మాస్టారు ఆఫ్రికాలో ముప్పై ఆరు లక్షల ఏళ్ల కింద తడి బూడిదలో పడి గట్టిపడ్డ అడుగుల గురించి, మన నర్మద ఒడ్డున దొరికిన పుర్రె పైచిప్ప గురించి చెప్పేవారు. గంట కొట్టినా ఆపేవారు కాదు. వెనక బెంచీలవాళ్లు గోడ మీది పటంలో, వంగి నడిచే మొదటి కోతి కింద ఆయన పేరు రాశారు. ఆయన చెరపలేదు. "వరసలో ముందు నిలబెట్టార్రా, సంతోషం" అన్నారు. అంత చెప్పిన మనిషి నిజమైన శిలాజం ఒక్కటీ చేత్తో తాకలేదు, అడుగుబండ దగ్గరికి వచ్చేదాకా.

కొత్తగూడెం దాటాక రోడ్డు మీద దిగి, కొంత ఆటోలో, కొంత నడిచి పోతే అడవి అంచున కోయగూడెం. గూడెం పక్కన వాగు. ఎన్నడో బురదగా ఉండి రాయిగా మారిన నల్లటి బండ వాగులో ఉంది. దాని మీద ఒకే ఒక్క అడుగు, కుడికాలిది. నడక నేర్చే ఈడు వచ్చిన బిడ్డను తల్లి మొదట అందులో నిలబెడుతుంది. అడుగు ముడుచుకుని బిడ్డ పాదమంత అవుతుంది. పెద్దవాళ్లు కాలు పెడితే పెద్దదవుతుంది. కాలు తీశాక మడమ గుంట కాసేపు వెచ్చగా ఉంటుంది. వాగు పల్లానికి పారుతుందని ఎవరూ మాట్లాడుకోనట్టే, గూడెంలో దీని గురించి కూడా ఎవరూ మాట్లాడుకోరు. మాస్టారు కూడా నోటుపుస్తకంలో కొలతలు రాసుకుని ఊరుకున్నారు: నేను, పది అంగుళాలు. జంపక్క, ఎనిమిదిన్నర. పక్కింటి పుష్పలత కూతురు, నాలుగు.

మారనిది ఒక్కటే. బొటనవేలి గుంటలో సన్నటి చర్మపు గీతలు. ఎవరు తొక్కినా అవే సుడులు, ఎడమ పక్క చీలిన అదే గీత, దాని మీద అడ్డంగా పాత గాయపు మచ్చ. ఫోటో తీస్తే తడి మెరుపు తప్ప ఏమీ పడేది కాదు. భూతద్దం పెట్టి చూస్తూ పెన్సిలుతో బొమ్మ వేసుకున్నారు. చేత్తో వేసిన బొమ్మను నమ్మేదెవరు? వచ్చి కళ్లారా చూడండని మూడేళ్లుగా యూనివర్సిటీకి ఉత్తరాలు రాశారు. చివరికి ఒక ఆదివారం వస్తామని అక్కడివాళ్లు ఫోను చేశారు.

దానికి ముందురోజు శనివారం ఆటో దిగుతూనే ఆయన జంపక్క కోసం చూశారు. ఆమెకు అరవై దాటాయి. ఒంటరి మనిషి. భుజాన గడ్డపారతో ఆమె అడవిలో దుంపలకు పోతుంటే మాస్టారు వెనకే నడిచి ఆ నడకను చూసేవారు. మడమ ముందు, బొటనవేలు చివర, మధ్యలో తొందర లేదు. ముప్పై నాలుగేళ్లు ఆయన చెప్పిన పాఠమంతా ఆ నడకే. కానీ ఆ పొద్దున ఆమె ఎక్కడికీ పోలేదు. అడుగుబండ మీద కూర్చుని కుడిచేతి బొటనవేలు చూసుకుంటోంది.

"ఏం జంపక్కా, దుంపలకు పోలేదే?"

"ఏడ పోత సారూ. కంట్రోలు బియ్యానికి పోయొచ్చిన. డీలరు వీరబాబు మిషను మీద నా ఏలు పడతలేదు. నాలుగు దినాల సంది ఇదే పని."

"కన్ను పెట్టమనలేదా?"

"పెట్టిన. కన్నుకు పొరొచ్చె. నా కార్డుల ఉన్నదే ఒక్క పేరాయె. ఇయ్యాల పొద్దుమూకే లోపల ఏలు పడకుంటే పేరు తీసేస్తరంట."

మాస్టారు ఆమె వేలిని భూతద్దంలో చూశారు. ముప్పై ఏళ్ల మిరపతోటల కారం, తునికాకు కట్టలు, గడ్డపార కలిసి అరగదీసిన వేలు. వాగులో గులకరాయంత నున్నగా ఉంది. ఏమనాలో తోచనప్పుడు తన సంగతి చెప్పుకోవడం ఆయనకు మొదటినుంచీ అలవాటు.

"రేపు హైదరాబాదు నుంచి పెద్దవాళ్లు వస్తున్నారు జంపక్కా, ఈ బండ కోసం. ఎంతో వెనకటి మనిషి ఇక్కడ నడిచిందనడానికి ఆధారం దొరికింది, ఆధారం!"

జంపక్క తల ఎత్తింది. "దీనికి ఆధార్ ఇచ్చిన్రా?"

"ఆధార్ కాదు..."

"గట్లనే ఉంటది. నాకు కార్డున్నది, ఏలు లేదు. దీనికి ఏలున్నది, కార్డే లేకుండె. ఇగ అది గూడ వచ్చె!"

"అది వేరు జంపక్కా. ఆధారం అంటే రుజువు. ఆ మనిషి ఉన్నదని రుజువు."

"రెండింట్ల ఫరకేంది సారూ? నేనున్ననని గూడ రుజువే అడుగుతున్రు గదా."

ఆమె వంగి బండ మీది బొటనవేలి గుంటను వేలితో తడిమింది.

"అవ్, గీతలు మంచిగున్నయి."

"అది కాలి బొటనవేలు."

"కాలిదైతేంది, చేతిదైతేంది? బొటనేలు బొటనేలే."

మాస్టారు తన కాలి వైపు చూసుకున్నారు. నిజమే, మన భాషలో రెండింటికీ ఒకటే మాట. కోతికి మాటే కాదు, వేలూ ఒకటే. దాని కాలి బొటనవేలు కూడా చేతిదానిలా పక్కకు తిరిగి కొమ్మను పట్టుకుంటుంది. మనిషికి కాలిది ముందుకు తిరిగి మిగతా వేళ్ల వరసలో నిలబడింది. అది నిలబడ్డాకే మనిషి నిలబడ్డాడు. కొమ్మ వదిలిన చేతికి గడ్డపార పట్టే తీరిక దొరికింది. ఈ మాట ఆయన ఎన్ని తరగతుల్లో ఎన్నిసార్లు చెప్పారో లెక్కలేదు. ఎవరూ ఇంత పొట్టిగా తిరిగి అప్పజెప్పలేదు.

"సారూ," అంది జంపక్క, ఈసారి మెల్లగా. "ఈ బండ ఎవలి కొలత ఆళ్లకిస్తది. అడిగితే నాకు గీతలియ్యదా?"

"ఇస్తుంది."

"ఇస్తే దీనికుండయి. రేపొచ్చేటోళ్లకు నువ్వేం జూపిస్తవ్?"

అడగకుండా వేలు పెట్టేసినా ఆయన చేయగలిగింది ఏమీ లేదు. అయినా ఆమె చెయ్యి ఒళ్లో పెట్టుకునే ఉంది. మాస్టారు బండ వైపు చూశారు. మూడేళ్ల ఉత్తరాలు గుర్తొచ్చాయి. ట్యూబుతో కట్టిన ప్లాస్టరు దవడ గుర్తొచ్చింది. అడుగు మడమ దగ్గర లోతుగా ఉంది. బొటనవేలు వాగు ఎగువకు చూపుతోంది.

"ఆ మనిషి ఎటు పోతున్నట్టు జంపక్కా?"

"ఎటేంది? ఆ మలుపు దాటితే అంత దుంపతీగలే. తిండికే పోతున్నది."

మాస్టారు సంచి సర్దుకున్నారు. భూతద్దం తీసి మళ్లీ లోపల పెట్టారు. "పెట్టు," అన్నారు.

ఆమె బొటనవేలిని ఆ గుంటలో ఆనించింది. ఆకు నమిలేంత సేపు ఉంచి తీసింది. గుంట గరిట లోపలిలా నున్నగా అయింది. ఇద్దరూ కలిసి కంట్రోలు దుకాణానికి ఆటో ఎక్కారు.

"మళ్లొచ్చినవా అవ్వా?" అన్నాడు వీరబాబు, బియ్యం తూచే కాటా పక్క కుర్చీలోంచి లేవకుండానే. "నిన్ను జూస్తే మిషనుకు జరమొస్తున్నది."

"ఈ ఒక్కపారి చూడు, బాబూ."

ఆమె వేలు పెట్టింది. ఎర్రగా మిణుకుమిణుకుమనే దీపం పచ్చగా అయింది. మిషను జంపక్క పేరు పలికి, చీటీ కక్కింది.

"పడ్డది!" వీరబాబు లేచి నిలబడ్డాడు. "ఏం రాసినవే ఏలికి?"

"ఏం రాయలె. మా పెద్దోళ్లవి, తెచ్చుకున్న."

"మంచిది. సంచి పట్టు."

ఏ ఇద్దరి వేలిముద్రలూ ఒకటి కావని మాస్టారు ఇన్నేళ్లూ పిల్లలకు చెప్పారు. ఆ రోజు బియ్యం సంచికి ఒక కొస పట్టుకుని నడుస్తూ, ఆ పాఠం జోలికి పోకుండా ఊరుకున్నారు.

ఆదివారం పొద్దున సాయిప్రియ అనే శాస్త్రవేత్త ఇద్దరు సహాయకులతో జీపులో వచ్చింది. మోకాళ్ల మీద కూర్చుని, బ్రష్షుతో తుడిచి, ఓపికగా చూసింది.

"సార్, ఇది నీళ్లు కోసిన గుంటలా ఉంది. గీతలున్నాయని రాశారు కదా?"

"ఉండేవమ్మా."

"మరి?"

"అవసరమైనవాళ్లు తీసుకెళ్లారు."

ఆ అమ్మాయి మంచిది, ఇంకేమీ అడగలేదు. బూటు విప్పి సరదాగా అందులో కాలు పెట్టింది. "నాకు సరిగ్గా సరిపోయింది," అని నవ్వి, పుస్తకంలో ఒక గీత గీసి మూసేసింది. మాస్టారు తన పెన్సిలు బొమ్మ చూపించలేదు.

"తిని పోవాలె అందరు," అని జంపక్క అడ్డం నిలబడింది. మోదుగాకు విస్తర్లు వేసింది. కంట్రోలు బియ్యం అన్నం, దుంపల కూర. జీపువాళ్లు మూడోసారి అడిగి మరీ వడ్డించుకున్నారు.

జంపక్క కూర వేయడానికి మాస్టారి ముందు వంగింది. ఆయన ఎడమచేత్తో ఆమె చెయ్యి పట్టుకుని, భూతద్దం తీసి, నోటుపుస్తకం మోకాలి మీద తెరిచారు. అవే సుడులు. ఎడమ పక్క చీలిన గీత. దాని మీద అడ్డంగా పాత గాయపు మచ్చ. ఆ గీతల్లో పసుపు ఇరుక్కుని ఉంది. కింద నెత్తురు కొట్టుకోవడం ఆయన వేలికి తెలుస్తోంది. మాస్టారు ఆ చెయ్యి వదలకుండా మళ్లీ మొదటి సుడి నుంచి చూడడం మొదలుపెట్టారు.

"ఇగ చెయ్యి ఇడువు సారూ," అంది జంపక్క. "అన్నం చల్లారుతది."