తెగిన కనుబొమ

వాన. కిటికీ అద్దం మీద సన్నటి గీతలు.

అలాంటి గీతలతోనే నా బతుకు. చూసినవాళ్ళు గుర్తులు చెబుతారు, నేను పోలీసులకు ముఖాలు గీసిపెడతాను. పన్నెండేళ్ళుగా ఇదే పని.

చెల్లికి పుట్టుకతోనే చూపు లేదు.

కానీ హత్యకు గురైనవాళ్ళ వస్తువు ఏదైనా చేతిలో పెడితే చాలు — వాళ్ళు ఆఖరున చూసిన ముఖం దానికి కనిపిస్తుంది.

నాకు రెండు కళ్ళూ ఉన్నాయి. ఏం లాభం?

ఆ వానలకు ముందు రెండు కేసులు చెల్లి చెప్పిన గుర్తులతోనే తేలాయి. పేపర్లు దాన్ని ఆకాశానికెత్తాయి. ఫొటో వేశాయి. నేను గీసిన బొమ్మా వేశాయి, అడుగున ఉన్న నా సంతకాన్ని కత్తిరించేసి.

"అది పెట్టిపుట్టిందే" అంటుంది అమ్మ, వచ్చినవాళ్ళందరితో.

మరి నేను?

ఆ వానల్లో ఎవడో ముగ్గురు ఆడవాళ్ళను చంపాడు. ఒకే తీరున, మెడకు తీగ బిగించి. మూడో ఆవిడ చేతి గడియారాన్ని ఇన్‌స్పెక్టర్ మా ఇంటికే తెచ్చాడు. నన్ను చూసి తలూపాడు. చెల్లికి మాత్రం కుర్చీ లాగి వేశాడు.

అవును, కుళ్ళుకున్నాను. కళ్ళల్లో నిప్పులు పోసుకున్నాను. దాచడం దేనికి? ఎవరూ చూడకుండా ఆ గడియారాన్ని నేనూ పట్టుకుని చూశాను… చల్లగా ఉంది. అంతే.

చెల్లి దాన్ని గుప్పిట్లో బిగించింది. వణికింది. చెప్పడం మొదలుపెట్టింది.

ముక్కు. గీశాను.

గడ్డం. గీశాను.

"అక్కా, ఎడమ కనుబొమ మధ్యలో తెగి ఉంది. అది మాత్రం మర్చిపోకు. వాణ్ణి పట్టించేది అదే."

వాన. అద్దం మీద గీతలు.

నేను ఆ కనుబొమను నిండుగా గీశాను.

ఒక్కసారి… ఒక్కసారి చెల్లి కూడా పొరపడుతుందని నలుగురూ అనుకోవాలి. నేను కోరుకున్నది అంతే.

బొమ్మ పూర్తయ్యాక గుర్తులు చెప్పినవాళ్ళ చేతికివ్వడం నా అలవాటు. తప్పుంటే వాళ్ళు చూపిస్తారు, నేను దిద్దుతాను. చెల్లి చేతికీ ఇచ్చాను. అది కాగితాన్ని వేళ్ళతో తడిమి నవ్వింది.

"నువ్వు గీశాక ఇంక తిరుగేముంది అక్కా!"

నాలుగు రోజుల తర్వాత ఇన్‌స్పెక్టర్ మాటల మధ్యలో అన్నాడు. "వంతెన దగ్గర ఒకణ్ణి ఆపామండీ. పోలికలన్నీ కలిశాయి. కనుబొమ ఒక్కటే తేడా. పేరైనా రాసుకోకుండా పంపేశాం."

నేను పెన్సిల్ చెక్కుకుంటూ కూర్చున్నాను.

పేపర్లో ఫొటో చూసినవాళ్ళలో వాడూ ఉన్నాడు. అమ్మా నేనూ ఇంట్లో లేని గంట చూసుకుని వచ్చాడు.

నాలుగో మనిషి మా చెల్లి.

దాని తల క్లిప్పును అరచేతిలో పెట్టుకుని కూర్చున్నాను. కనిపించవే… ఈ ఒక్కసారి నాకూ కనిపించవే… పొద్దుటి నుంచి సాయంత్రం దాకా. ప్లాస్టిక్ ముక్క, అంతే.

అమ్మ వచ్చి నా చేతిలోంచి క్లిప్పు తీసుకుంది.

వణికింది. అచ్చం చెల్లిలాగే.

అమ్మకూ ఉందా? ఈ ఇంట్లో నాకు తప్ప అందరికీ ఉందా?

"కాగితం తియ్యవే" అంది అమ్మ, కళ్ళు మూసుకునే. "అది గడియారం పట్టుకుని చూసిన ముఖమే, దానికి ఆఖరున కనిపించింది… మొద్దు ముక్కు… నున్నటి గడ్డం… ఎడమ కనుబొమ మధ్యలో తెగి ఉంది."

నా పెన్సిల్ కదల్లేదు.

అమ్మ కళ్ళు తెరిచింది.

"ఈ మాట అది ఆ రోజే చెప్పిందిగా. వంటింట్లోంచి విన్నాను. మరి నువ్వు గీసిన బొమ్మలో ఎందుకు లేదే?"

చెప్పాలి. చేసింది ఒప్పుకోవాలి. వాడు ఇంకో ఇల్లు వెతుక్కునేలోగా ఆ కనుబొమను గీయాలి. అన్నీ తెలుసు నాకు.

కానీ నా చూపంతా అమ్మ గుప్పిట్లోని క్లిప్పు మీదే ఉంది. ఎంత గట్టిగా పట్టుకుందో.

"నా గురించి…" అన్నాను. "నా గురించి అది ఏమన్నా చెప్పిందా అమ్మా?"