గెలుపు నాటి చెక్కగంట

నేను ఒక చెక్కగంటను. పేరులో గంట ఉందని మోసపోకండి. నాలో కంచు లేదు, గొంతులో తియ్యదనం అసలే లేదు. బండి చక్రానికి పనికిరాదని వడ్రంగి ఇన్నాసి పక్కన పడేసిన తుమ్మచెక్కకు పిడి చెక్కి, ఊగే సుత్తి ఒకటి బిగిస్తే నేను పుట్టాను. ఊపితే టకటకమంటాను. అంతే నా సంగీతం.

గుంటూరు జిల్లాలోని మా ఊరి గుడిలో ఏడాది పొడుగునా పెత్తనం కంచుగంటది. ప్రభువు సిలువ మీద చనిపోయిన శుక్రవారం మాత్రం దాని నోరు కట్టేసి నన్ను బయటికి తీస్తారు. నా చప్పుడు వినగానే జనం చెప్పులు విడిచి, మాటలు మాని, గుమ్మాల్లో నిలబడతారు. ఫాదర్ గారు ఎంత మొత్తుకున్నా ఆగని నోళ్లు నా టకటకకు మూతపడటం చూసి లోలోపల గర్వపడేదాన్ని.

నన్ను మోసేది శౌరయ్య మాస్టారు. మిషన్ బడిలో పంతులు. వయసులో ఉండగా పెద్ద యుద్ధంలో బర్మా వెళ్లి, నెత్తురోడే కుర్రాళ్లను స్ట్రెచర్ల మీద మోసి వచ్చాడు. ఆ తర్వాత ఎక్కడ యుద్ధమన్నా సరే, 'నరహత్య చేయకుము' అని అట్ట మీద రాసుకుని తాలూకాఫీసు ముందు ఒంటరిగా నిలబడేవాడు. ఆదివారం గుళ్లో ఆ మాటనే కళ్లు మూసుకుని వల్లించే జనం, సోమవారం అట్ట మీద చూసి పిచ్చి మాస్టారన్నారు. కొందరు దేశద్రోహి అన్నారు.

సరిహద్దులో యుద్ధం వచ్చిన ఏడాది అందరికంటే ఎక్కువగా దుమ్మెత్తిపోసింది లూర్దమ్మ. ఆమె ఒక్కగానొక్క కొడుకు జోజి సైన్యంలో ఉన్నాడు. మాస్టారి దగ్గరే ఓనమాలు దిద్దినవాడు. "నా బిడ్డ అక్కడ పేణాలొడ్డతంటే, మీరిక్కడ అట్ట పట్టుకు నిలబడతారా?" అని నడివీధిలో నిలదీసింది. మరోసారి రోడ్డెక్కితే ఉద్యోగం ఉండదని బడి పెద్దలూ హెచ్చరించారు. ఇంట్లో ఆయన జీతం మీదే పొయ్యి వెలగాలి.

గెలిచామని రేడియో చెప్పిన రోజే, జోజి పోయాడని టెలిగ్రాం వచ్చింది. ఒక వీధిలో ఏడుపు, పక్క వీధిలో టపాకాయలు. కంచుగంట మోగించాల్సిందేనని కుర్రకారు పట్టుబట్టింది. ఫాదర్ గారు కాదనలేక, గంట గది తాళంచెవి ఇవ్వలేక నసిగారు. ఆ గంట వింటే లూర్దమ్మ గుండె పగిలిపోతుందని మాస్టారికి తెలుసు. ఎవరితోనూ వాదించలేదు. బీరువాలోంచి నన్ను తీసి వీధిలోకి నడిచాడు.

డిసెంబరు నెలలో మోగడానికి నాకే సిగ్గేసింది. కానీ అలవాటు ఎంత గట్టిదో ఆ రోజు చూశాను. ముసలి ఆరోగ్యమ్మ, మాంసం ముట్టకూడని ఆ శుక్రవారమే వచ్చిందనుకుని పొయ్యి మీది మాంసం కూర దించేసింది. టపాకాయలు పట్టుకున్న కుర్రాళ్లు తమకు తెలియకుండానే చెప్పులు విడిచారు. గంట తాడు ఎవరూ ముట్టుకోలేదు.

లూర్దమ్మ గుమ్మంలోకి వచ్చింది.

"ఎవురికి కొడతన్నారు మాస్టారూ?"

"మన జోజికమ్మా. సరిహద్దుకి అవతల పోయిన పిల్లలక్కూడా."

మళ్లీ తిడుతుందనుకున్నాను.

"ఆళ్ల అమ్మలకి కబురు అందిందంటారా?" అంది.

మాస్టారు ఏడ్చాడు. చెక్కను గనుక ఊరుకున్నాను గానీ, నాకూ ఏడుపొచ్చింది.

బడి పెద్దలు మాట నిలబెట్టుకున్నారు. ఉద్యోగం పోయిన మాస్టారు ట్యూషన్లు చెప్పుకుని బతికాడు, అట్టను మాత్రం వదల్లేదు. ఆ తర్వాత తాలూకాఫీసు ముందు ఆయన పక్కన లూర్దమ్మ కూడా నిలబడేదట. నన్ను అక్కడికి తీసుకుపోలేదు గనుక విన్నదే చెబుతున్నాను.

ఆయన పోయాక, గుడికి మైకులు వచ్చాక, నన్ను బిషప్పు గారి బంగళాలోని పాత వస్తువుల గదికి పంపారు. ఇప్పుడు అద్దాల పెట్టెలో ఉన్నాను. చప్పుడు చేయకుండా సుత్తిని తీగతో కట్టేశారు. మోగేదాన్ని దాచుకోవడానికి ముందు మోగకుండా చేయడం మనుషులకే చెల్లింది.

మొన్న మళ్లీ యుద్ధమని బయట ఊరేగింపు పోతుంటే, నడుం వంగిపోయిన లూర్దమ్మ లోపలికి వచ్చింది.

"ఆ తీగ ఇప్పు నాయనా."

"ముట్టుకోగూడదు మామ్మా," అన్నాడు కాపలా మనిషి. మా ఊరివాడే.

ఆమె కూడా వాదించలేదు. వేళ్ల కణుపులతో అద్దం మీద కొట్టడం మొదలుపెట్టింది, అచ్చం నా వరసలోనే. కాపలా మనిషి స్టూలు మీద నుంచి లేచి చెప్పులు విడిచాడు.