జన్నత్ వారపు సెలవు

"ఈమె పొద్దున డ్యూటీలో లేదు. ఈమెకు సెలవు. కావాలంటే రిజిస్టర్ చూసుకోండి," అన్నాడు కాంట్రాక్టర్ కామరాజు, శవాల గది ముందు నిలబడి.

జన్నత్ తల్లి హనీఫాకు ఆ మాట ఎక్కలేదు. తెల్లవారకముందే చీపురు పట్టుకుని ఇల్లు కదిలిన బిడ్డ, మెట్టుగూడ రోడ్డు ఊడుస్తూ లారీ కింద పడ్డ బిడ్డ, డ్యూటీలో లేకపోవడమేమిటి?

"మరి చీపురెందుకు వట్టుకపోయింది సార్ నా బిడ్డ? షికారుకా?"

కామరాజు ఫోన్ చూసుకున్నాడు. లారీ ఆగలేదు, నంబరు ఎవరూ చూడలేదు. ఇక ఆ ముసలామెకూ, జన్నత్ ఇద్దరు ఆడపిల్లలకూ కాంట్రాక్టర్ నుంచి నష్టపరిహారం రావాలంటే జన్నత్ పనిలో ఉండగా పోయిందని తేలాలి. ఆ సంగతి అతనికి అందరికంటే బాగా తెలుసు.

గోడకు ఆనుకుని నిలబడ్డ, జన్నత్‌తో పాటు రోడ్లు ఊడ్చే కల్పలతకు ఇంకో సంగతి తెలుసు. ఆ పొద్దున రిజిస్టర్లో హాజరు పడింది తన పేరున. తనకు జ్వరం. వరసగా మూడు రోజులు రాకపోతే పేరు కొట్టేస్తారు, అప్పటికే రెండు గడిచాయి. "నాకు సెలవే గదనే. నీ పేరు మీద నేను వోతా, నువ్వు పండుకో," అంది జన్నత్.

ఊడ్చేవాళ్లలో ఇది ఏళ్లుగా ఉన్నదే. ఒకరికి ఒంట్లో బాగాలేకపోతే, ఆ రోజు సెలవున్న ఇంకొకరు ఆ పేరు మీద పలికి ఆమె రోడ్డు ఊడ్చి వస్తారు. పేర్లు పిలిచే సూపర్‌వైజర్ పద్మనాభానికి తెలియకుండా ఒక్క రోజూ జరగలేదు. రోడ్డు శుభ్రంగా ఉంటే చాలు, ముఖం ఎవరిదైతే అతనికేం? మనిషి చచ్చాక మాత్రం అయ్యగారికి ముఖాలు గుర్తొచ్చాయి!

జన్నత్ శవాన్ని మోస్తూ జనాజా ఇల్లు దాటాక పద్మనాభం కల్పలతను గల్లీ చివరికి పిలిచాడు. "పొద్దున నువ్వే ఊడ్చినవ్. యాదికుంచుకో. నేను గాదంటివా, దొంగ హాజరని కేసైతది. కొలువు సుత పోతది."

కల్పలత తలూపింది. మొగుడు లేని మనిషి, పిల్లల తల్లి, ఇంకేం చేస్తుంది? లోపలికి వెళ్లేసరికి ఆడవాళ్ల మధ్య కూర్చున్న హనీఫా ఆమెను దగ్గరికి పిలిచి నుదుటి మీద చెయ్యి వేసింది.

"జ్వరం తగ్గిందా బిడ్డా? నీ గురించి మస్తు పరేషానయింది జన్నత్."

ఆ చెయ్యి కింద కల్పలత కుప్పకూలింది. అంత సిగ్గు ఆమె జన్మలో ఎరగదు.

మరునాడు జెరూషా ఇంటి ముందు ఊడ్చేవాళ్లు ఇరవై రెండు మంది కూడారు. జెరూషా అందరిలోకీ పాత మనిషి, యూనియన్ నిలబెట్టింది ఆమే. కల్పలత లేచి ఉన్నదున్నట్టు చెప్పేసింది.

"నువ్వు మునుగుడే గాక మమ్మల్ని ముంచుతవా?" నవత ఎగబడింది. "గా రిజిస్టర్ తవ్వితే అందరం దొరుకుతం!"

"దొరుకుదాం," అంది జెరూషా. "ఒక్కతె ఒప్పుకుంటే దొంగంటరు. ఇరవై రెండు మందిమి ఒప్పుకుంటే ఏమంటరో చూద్దాం."

"కొలువులు పోతే పిల్లలకేం పెట్టాలె అక్కా?" అంది నవత.

"జన్నత్ పిల్లలకేం పెడుతున్నరే ఇయ్యాల?"

చివరికి నవతే ఏడుస్తూ అంది. "నా కాన్పప్పుడు తన సెలవునాడు, బేస్తారం బేస్తారం, నా పేరు మీద పోయింది జన్నతే. నేను సుత వస్తా."

తెల్లారి పద్మనాభం పేర్లు పిలిస్తే ఒక్కరూ పలకలేదు. చీపుర్లు భుజాన పెట్టుకుని హనీఫాను ముందు నడిపించుకుంటూ పోలీస్ స్టేషన్‌కు కదిలారు. "జన్నత్ డ్యూటీలనే చచ్చింది! పరిహారం ఇయ్యాలె!" అన్న కేకకు బస్సుల్లోంచి జనం తలలు బయట పెట్టి చూశారు.

కామరాజు అప్పటికే దొంగ హాజరని వాళ్ల మీద ఫిర్యాదు రాసిచ్చి స్టేషన్‌లో కూర్చున్నాడు.

"మీరు చెప్పింది రాస్తే మీ మీదనే కేసైతది, తెలుసా?" అన్నాడు ఎస్సై.

"తెలుసు. రాయుండ్రి," అంది జెరూషా.

ఎవరు ఎవరి పేరు మీద ఎప్పుడు వెళ్లారో ఒక్కొక్కరే చెప్పారు. ఒకామెకు ఆపరేషన్ అయినప్పుడు జన్నత్. ఒకామె మామ పోయినప్పుడు జన్నత్. జెరూషా కాలు విరిగినప్పుడు జన్నత్. ఎస్సై కలం ఆపాడు.

"మరి జన్నత్ పేరు మీద ఎవరు పోయిండ్రు?"

ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఎంత తవ్వుకున్నా ఒక్క రోజు దొరకలేదు.

"ఎన్నడూ అడగలే సార్," అంది నవత.

హనీఫా కొంగు నోట్లో కుక్కుకుంది. "ఒక్కనాడన్న ఇంట్ల పండుకోలే నా తల్లి," అని నేల మీద కూలబడి గొల్లుమంది.

కామరాజు ఇదే అదననుకున్నాడు. "మీ మాట మీరు వాపస్ తీసుకోండి, నా ఫిర్యాదు నేను వాపస్ తీసుకుంటా. ఇండ్లకు పోండి."

కల్పలత హనీఫా పక్కన కూర్చుని ఆమె చెయ్యి పట్టుకుంది.

"పోం. మా అందరి పేర్ల మీద ఆమె పోయింది. ఆమె పేరు మీద మేమొక్కలం సుత పోలే. ఇప్పుడు పోతం. జైలుకైతే జైలుకే. రాసుకో సార్."

మిగతా ఇరవై ఒక్క మంది ఆమె చుట్టూ కూర్చున్నారు. మధ్యాహ్నానికి మారేడ్‌పల్లి నుంచీ అల్వాల్ నుంచీ ఊడ్చేవాళ్లు చీపుర్లతో వచ్చి స్టేషన్ గేటు పట్టుకున్నారు.

"మమ్మల్ని సుత రాసుకోండి!"