టీవీలోంచి చూసే మామ

పొద్దున ఏడు కొట్టేసరికి తిరుపతి స్టూడియోలో మునిశేఖర్ కీబోర్డు మీద చెయ్యి వేసేవాడు. ఆ చప్పుడుకి చిత్తూరు జిల్లా పిల్లలంతా పళ్లు తోముకోవడం సగంలో ఆపి టీవీ ముందుకు పరిగెత్తేవాళ్లు. అది లైవు కార్యక్రమం. పాట మధ్యలో ఆగి "ఇంట్లో ఎవురుండారు?" అని ఆయన అడిగితే, ఎక్కడి పిల్లలక్కడ "మేముండాం మామా" అని అరిచేవాళ్లు. ఆ అరుపులు ఆయనకి వినిపించేవి. అంతేకాదు, పాడుతున్నంతసేపూ టీవీ ముందున్న ఇల్లిల్లూ ఆయనకి కనిపించేది. "ఐరాలలో ధరణీ, ముక్కు తుడుచుకో తల్లీ" అనేవాడు. ఐరాలలో ధరణి తుడుచుకునేది. ఇందులో వింత ఉందని ఎవరూ అనుకోలేదు. మనం ఆయన్ని చూస్తున్నప్పుడు ఆయన మనల్ని చూడకపోతేనే మర్యాదగా ఉండదు కదా.

అంతకుముందు ఆయన చిత్తూరులో పెళ్లి ఆర్కెస్ట్రాలో వాయించేవాడు. అక్కడ పెద్దవాళ్ల ధ్యాసంతా భోజనాల మీదే. పిల్లలొక్కరే వేదిక కింద చేరి నోరు తెరుచుకుని వినేవాళ్లు. వాళ్ల కోసమే పాటలు కట్టడం మొదలుపెట్టాడు. లోకల్ చానల్ నడిపే దయానంద్ అవి విని పిలిచాడు. అలా పెళ్లీ పెటాకులూ లేని మనిషి జిల్లా మొత్తానికి మేనమామ అయి కూర్చున్నాడు.

తల్లులకి అది బాగా కలిసొచ్చింది. బిడ్డను టీవీ ముందు కూర్చోబెట్టి, "రోంత సూస్తా ఉండన్నా" అని ఆయనకి అప్పజెప్పి పనులకు పోయేవాళ్లు. తిరుచానూరులో పంకజాక్షి అయితే బయట తాళం కూడా వేసేది. భర్త లేడు. అమ్మవారి గుడి దగ్గర పూలమ్ముతుంది. పొద్దున్నే వచ్చే యాత్రికులు దాటిపోతే మళ్లీ అంత బేరం ఉండదు. ఆమె కూతురు రూపశ్రీ ఇంకా బడికి పోయే వయసు పిల్ల కాదు. అది స్టవ్ వైపు నడిస్తే మునిశేఖర్ పాట ఆపి, "రూపా, ఇట్ల రా" అని పిలిచేవాడు. పిల్ల వచ్చేసేది. అంతకుమించి ఆయన చెయ్యగలిగిందేమీ లేదు. పడితే లేపలేడు, ఏడిస్తే ఎత్తుకోలేడు. ఆ సంగతి ఆయనొక్కడికే గుబులుగా ఉండేది.

ఒకరోజు దయానంద్ పిలిచి, "ఇంక లైవు వద్దప్పా. అంతా ఒకేసారి రికార్డు చేసేస్తాం. ఫోన్లలో కూడా పెట్టుకోవచ్చు" అన్నాడు.

"రికార్డులో పిల్లోళ్లు నాకు కనపడరే."

"నువ్వు వాళ్లకు కనపడతావు గదా, సాలు."

చానల్ అతనిది. మునిశేఖర్ కెమెరా ముందు కూర్చుని వరసగా పాడి ఇచ్చాడు. కెమెరా అద్దంలోకి ఎంత చూసినా అద్దమే కనిపించింది.

చివరి లైవు నాడు పాట మానేసి చెప్పాడు. "అమ్మల్లారా, రేపట్నించి నేను మిమ్మల్ని సూడలేను. బిడ్డల్ని నా మింద ఇడిసిపెట్టి పోవద్దండి." తల్లులు నవ్వుకున్నారు. మామ బెట్టు చేస్తున్నాడనుకున్నారు. పంకజాక్షి బుట్టలో పూలు సర్దుకుంటోంది. ఆమె వెనక రూపశ్రీ చాప మీద ముడుచుకుని పడుకుంది.

"పంకజమ్మా, బిడ్డకి జరం మాదిరి ఉండాది. డాక్టరుకు సూపించు."

"మాత్ర ఏసినానన్నా. రేపు శుక్రవారం, జనం జాస్తి. బేరం ముగించుకోని తీసకపోతా. అంతదాకా నువ్వుండావు గదా."

నేనుండనమ్మా అని ఆయన అంటుండగానే సమయం అయిపోయి ప్రకటన పడింది.

మర్నాడు పొద్దున తన కార్యక్రమం తనే ఇంట్లో కూర్చుని చూశాడు. టీవీలో మామ చెయ్యూపి నవ్వుతున్నాడు. ఎవర్ని చూసి నవ్వుతున్నాడో ఆయనకే తెలియలేదు. భయం పట్టుకుంది. లేచి ఆటో ఎక్కాడు.

తిరుచానూరులో దిగాక గానీ తట్టలేదు, ఆ ఇల్లెక్కడో తనకి తెలియదని. లోపల ఏముందో అడిగితే చెప్పగలడు. నీలం గోడ, దండెం మీద చిన్న గౌన్లు, మూలన నీళ్ల బిందె. బయటి తలుపు ఏ రంగో మాత్రం తెలియదు. గుడి ముందు ఇసకేస్తే రాలనంత జనం. పంకజాక్షి ఎక్కడా కనపడలేదు. పూలమ్మే ఒకావిడ ఆయన్ని గుర్తుపట్టి ముఖమంతా నవ్వు చేసుకుంది.

"పంకజ ఇల్లా? ఆ ఎనక సందులో యాడనో ఉండాది. బిడ్డకేం పరవాలేదులే అన్నా, నువ్వు సూస్తా ఉండావు గదా."

ఎదురుగా నిలబడ్డ మనిషికి ఆ మాట చెబుతోంది. ఆయన సందులోకి పరిగెత్తాడు.

ప్రతి తలుపు వెనకా తన పాటే. తనే అడుగుతున్నాడు, పిల్లలు జవాబు చెబుతున్నారు. తాళం వేసిన తలుపులు ఒకటి కాదు. కొట్టాడు, పిలిచాడు, చెవి ఆనించి విన్నాడు. ఏడుపొచ్చేసింది. సందు చివరి తలుపు దగ్గర పాట లేదు. గొంతు తనదే, మాటలు మాత్రం తను రికార్డు చేసినవి కావు.

"రూపా. లెయ్ తల్లీ. రూపా, ఇట్ల సూడు."

ఎంతసేపట్నుంచి పిలుస్తోందో, ఆ గొంతు బొంగురుపోయి ఉంది.

రాయి తీసుకుని తాళం పగలగొట్టాడు. పిల్ల ఒళ్లు కాలిపోతోంది, కాళ్లూ చేతులూ కొట్టుకుంటోంది. ఎత్తుకుని ఆటో కోసం పరిగెత్తాడు. పిల్ల ఇంత బరువుంటుందని ఆయన ఎప్పుడూ అనుకోలేదు.

ఇంకాస్త ఆలస్యమైతే బిడ్డ దక్కేది కాదని ఆసుపత్రిలో చెప్పారు. పంకజాక్షి పూలబుట్టతోనే వచ్చి ఆయన కాళ్ల మీద పడింది.

"నువ్వు సూస్తానే ఉంటావని నాకు తెలుసన్నా."

"నేను సూల్లేదమ్మా. ఆ టీవీలో వాడు సూసినాడు."

ఆమెకి అది ఒకటే. ఆయనకి కాదు. బిడ్డ బతికిందన్న సంతోషం ఉంది, ఇన్నేళ్లూ తనదనుకున్న చూపు వాడితో వెళ్లిపోయిందన్న దిగులూ ఉంది. వాడు చూడగలడు, పిలవగలడు. ఎత్తుకోవడానికి మాత్రం ఒక మనిషి కావాలి. ఆ పని తనకి మిగిలింది.

అప్పట్నుంచి పొద్దున్నే తిరుచానూరు వచ్చి, పంకజాక్షి బేరానికి పోయినంతసేపూ పిల్ల దగ్గర కూర్చుంటున్నాడు. పిల్ల కోలుకుంది. కెమెరా పని లేక రంగు వేయడం మానేసిన ఆయన జుట్టు తెల్లబడింది. ఒకరోజు టీవీలో మామ పాడుతుంటే ఆయనకీ ఉత్సాహం వచ్చి గొంతు కలిపాడు. రూపశ్రీ తెర మీంచి చూపు తిప్పకుండా పెదవి మీద వేలు పెట్టుకుంది.

"సద్దు సేయొద్దు తాతా. మామ పాడతా ఉండాడు."

మునిశేఖర్ పాట ఆపేశాడు.